తెలియనిది తెలియదనే చెప్పండి

సంపాదకులకు నమస్కారం.

పేలుళ్లు జరిగిన మర్నాడే దుకాణాలు తెరుచుకున్నాయని, నగరం భయాన్ని జయించిందని మీ పత్రికలో రాశారు. ఆ మాట నన్ను నొప్పించింది. 2006 జులై 11న ముంబయి లోకల్ రైళ్లలో పేలుళ్లు జరిగి, మర్నాటికే రైళ్లు నడిచినప్పుడూ ఇలాగే మెచ్చుకున్నారు. పనికి వెళ్లకపోతే గడవనివాళ్లు రైలెక్కక ఏం చేస్తారు?

నిన్న నేనెక్కిన బస్సు పక్కనే లారీ టైరు పేలింది. నా ముందు సీటులోని పెద్దాయన రెండు చేతులతో తల కప్పుకొని వంగిపోయారు. టైరేనని కండక్టరు చెప్పాక కూడా చాలాసేపు లేవలేదు. ఆ వెంటనే బస్సులో అందరూ ఫోన్లు తీశారు. ఎటు విన్నా "ఎక్కడున్నావు? చేరావా?" అన్న మాటలే.

ఇంకా ముప్పు ఉందో లేదో తెలియకపోవడమే మమ్మల్ని తినేస్తోంది. అధికారులను అడిగితే "ఆందోళన అక్కర్లేదు" అంటారు. ఉన్నమాట చెబితే జనం బెదిరిపోతారని కాబోలు. న్యూయార్క్‌లో జంట టవర్లు కూలిన వారానికే, 2001 సెప్టెంబరు 18న, అక్కడి గాలి పీల్చడానికి సురక్షితమేనని అమెరికా పర్యావరణ పరిరక్షణ సంస్థ ప్రకటించింది. అంత గట్టిగా చెప్పడానికి తగిన సమాచారం అప్పటికి లేదని 2003లో ఆ సంస్థ సొంత తనిఖీ విభాగమే తేల్చింది. ఆ దుమ్ములో పనిచేసిన సిబ్బంది వేలమంది తర్వాత జబ్బుపడ్డారు. "ఇంకా పరీక్షిస్తున్నాం, అందాకా మాస్కు తీయకండి" అని ఉంటే ఎంత మేలు జరిగేది!

1984 డిసెంబరు 2 అర్ధరాత్రి భోపాల్‌లో యూనియన్ కార్బైడ్ పురుగుమందుల కర్మాగారం నుంచి విషవాయువు లీకైనప్పుడు, ముఖానికి తడిగుడ్డ కప్పుకోమని చెప్పే దిక్కు లేక జనం ఎటు తోస్తే అటు పరుగెత్తారు. ఆ కర్మాగారంలో మిగిలిన 337 టన్నుల విషపు చెత్త ఊరు దాటింది 2025 జనవరిలో. అంటే నలభై ఏళ్లపాటు, ఏ నీళ్లు తాగవచ్చో, పుట్టబోయే బిడ్డ ఎలా ఉంటుందో అన్న దిగులుతోనే వాళ్లు బతికారు.

అధికారులు రోజూ ఒకే వేళకు మూడు మాటలు చెప్పాలి: తెలిసిందేమిటి, తెలియనిదేమిటి, మళ్లీ ఎప్పుడు చెబుతారు. మీరు వాటిని మొదటి పేజీలో, ఒకే చోట వేయండి. అక్కడ ఇప్పుడు రోజూ వేస్తున్న ఆ రక్తపు చెప్పుల ఫొటో దయచేసి ఆపండి. పేపరు రాగానే మా అమ్మాయి దాన్ని బోర్లించి పెడుతోంది.

ఇట్లు,
ఒక పాఠకురాలు