గైడ్లు దాటని అమెరికన్ సాహిత్యం

ఎం.ఏ. ఇంగ్లిష్‌లో అమెరికా నల్లజాతి, ఆదివాసీ రచయితల పాఠాలు గైడ్ల దగ్గరే ఆగిపోతున్నాయి. నేను పాఠం చెప్పిన ఒక కళాశాలలో నల్లజాతి నవలా రచయిత్రి టోనీ మోరిసన్‌కు 1993లో నోబెల్ వచ్చిందని అందరూ రాసేవారు. ఆమె నవల చివరిదాకా చదివినవాళ్లు తరగతికి ఇద్దరు. 1969లో అమెరికా పురస్కారం పులిట్జర్ అందుకున్న కయోవా తెగ ఆదివాసీ రచయిత స్కాట్ మోమడే పేరైతే అక్కడ ఎవరూ వినలేదు. 1964లోనే ఉస్మానియా ప్రాంగణంలో అమెరికన్ స్టడీస్ రీసెర్చ్ సెంటర్ వెలిసిన హైదరాబాద్‌లో ఈ కరువేమిటి? దళిత సాహిత్యం ఎరిగిన మన పిల్లలకు ఈ రచనలు పరాయివేం కావు, రెండింటినీ పక్కపక్కన పెట్టి చదివించాలి. వ్యాసరూప ప్రశ్నలు తగ్గించి, ఒక్క నవలపైనైనా మౌఖిక పరీక్షకు 20 మార్కులు కేటాయించాలి. గైడు బట్టీపట్టినవాడు అక్కడ రెండో ప్రశ్నకే దొరికిపోతాడు.

– విశ్రాంత ఆంగ్ల అధ్యాపకుడు, హైదరాబాద్