కండెలు వేలాడే వీధి

ఈస్ట్ హామ్, లండన్
ఆదివారం రాత్రి

నాయినకు, అమ్మకు దండాలు.

నేను బాగున్నా. ఫోన్‌లో చెప్తే సగం చెప్పి సగం మర్చిపోతానని ఈసారి ఉత్తరం రాస్తున్నా. నాయినా, అద్దాలు పెట్టుకుని నిమ్మళంగా చదువు. అమ్మకు కూడా పైకి చదివి వినిపించు. ఇందులో మీ ఇద్దరి పనీ ఉంది.

నిన్న నాకు డ్యూటీ లేదు. ఈ ఊళ్లో పాత పేటలను నడిపించి చూపించేవాళ్లు ఉంటారు. టికెట్ కొనుక్కుని చెప్పిన టైముకు చెప్పిన చోటికి పోతే, ఒక మనిషి మనల్ని వెంటబెట్టుకుని రెండు గంటలు సందు సందూ తిప్పుతూ ఏ ఇంట్లో ఎవరుండేవాళ్లో చెప్తారు. నాతో పనిచేసే అమ్మాయి స్పిటల్‌ఫీల్డ్స్ అనే పేట పేరు చెప్పి, "అది ఒకప్పుడు పట్టు నేసేవాళ్ల పేట" అన్నది. ఆ మాట విన్నాక ఇంట్లో కూర్చోబుద్ధి కాలేదు. మా ఈస్ట్ హామ్‌లో రైలెక్కితే మారకుండా ఆల్డ్‌గేట్ ఈస్ట్‌లో దిగొచ్చు.

మమ్మల్ని తిప్పిన ఆమెకు డెబ్బై ఏళ్లు ఉంటాయేమో. రిటైరైన టీచరమ్మ. చేతిలో ప్లాస్టిక్ కవర్లలో పెట్టిన పాత పటాలు. మేం పదిహేను మందిమి. సన్నగా వాన పడుతున్నా ఆమె ఆగలేదు, మేమూ ఆగలేదు.

ముందు ఒక చిన్న పార్కులో నిలబెట్టింది. దాని పేరు అల్తాబ్ అలీ పార్కు. అల్తాబ్ అలీ బంగ్లాదేశ్ నుంచి వచ్చి ఇక్కడ బట్టలు కుట్టే పనిచేసిన పిల్లవాడు. 1978 మే 4న పని ముగించుకుని ఇంటికి పోతుంటే ఒంటి రంగు చూసి పొడిచి చంపారు. తర్వాత వేలమంది అతని శవపేటిక వెంట ప్రధానమంత్రి ఇంటిదాకా నడిచారు. 1998లో ఆ పార్కుకు అతని పేరు పెట్టారు. టీచరమ్మ ఈ సంగతి చెప్పేటప్పుడు గొంతు పెంచలేదు, ఏడుపూ తెచ్చుకోలేదు. "ఇక్కడి నుంచి మొదలుపెడితేనే మిగతాదంతా మీకు అర్థమవుతుంది" అన్నది అంతే.

అక్కడి నుంచి బ్రిక్ లేన్‌కు నడిచాం. వీధి పేర్ల బోర్డులు ఇంగ్లిష్‌లోనూ బెంగాలీలోనూ ఉంటాయి. ఆ వీధి మూల మీద ఇటుకల కట్టడం ఒకటుంది. దాని ముందే చాలాసేపు నిలబడ్డాం. 1743లో దాన్ని ఫ్రాన్స్ నుంచి వచ్చిన ప్రొటెస్టెంట్లు చర్చిగా కట్టుకున్నారు. వాళ్లను హ్యూగెనోలు అంటారు. 1685లో అక్కడి రాజు వాళ్ల మతానికున్న రక్షణ తీసేస్తే ప్రాణాలు అరచేతిలో పెట్టుకుని వచ్చారు. వచ్చేటప్పుడు వెంట తెచ్చుకోగలిగింది చేతిలోని పని ఒక్కటే. అదేం పనో తెలుసా నాయినా, పట్టు నేత. తర్వాత అదే కట్టడంలో మెథడిస్టు క్రైస్తవులు ప్రార్థన చేసుకున్నారు. 1898లో రష్యా వైపు నుంచి తరిమితే వచ్చిన యూదులు దాన్ని తమ ప్రార్థనా మందిరం చేసుకున్నారు. 1976 నుంచి అది మసీదు. అక్కడ నమాజు చేసేవాళ్లలో చాలామంది బంగ్లాదేశ్‌లోని సిల్హెట్ నుంచి వచ్చినవాళ్లు. గోడలు మాత్రం మొదటివే. ఎవరూ పడగొట్టలేదు.

ఆ గోడ మీద పైన ఒక నీడ గడియారం ఉంది. ఎండ పడితే నీడను చూసి పొద్దు చెప్పేది. దాని మీద లాటిన్‌లో "ఉంబ్రా సుముస్" అని చెక్కి ఉంది. అంటే "మేము నీడలం" అని. నాకు వెంటనే పానగల్లు గుర్తొచ్చింది. నేను ఎనిమిదో తరగతిలో ఉన్నప్పుడు నువ్వు నల్లగొండకు నూలు కోసం పోతూ నన్నూ తీసుకుపోయి, ఛాయా సోమేశ్వరాలయం చూపించావు. పొద్దంతా కదలకుండా లింగం వెనకాల నిలబడే ఆ నీడ దగ్గర నేను చెయ్యి అడ్డం పెట్టి చూస్తే, "ఒక్క స్తంభం నీడ కాదమ్మా, వేర్వేరు వైపుల నుంచి వచ్చే వెలుతురు కలిసి చేసే పని" అని చెప్పావు. అంత వివరం నీకు ఎవరు చెప్పారో అప్పుడు అడగలేదు. ఇప్పుడు అడుగుతున్నా. ఎవరు చెప్పారు?

అసలు చెప్పాలనుకున్నది ఇక్కడి నుంచే మొదలవుతుంది.

మసీదు పక్కనే ఫోర్నియర్ స్ట్రీట్. రెండు పక్కలా మూడు నాలుగు అంతస్తుల పాత ఇటుక ఇళ్లు, దాదాపు 300 ఏళ్లవి. టీచరమ్మ అందరినీ తలెత్తి చూడమన్నది. పైకప్పు కింద చివరి అంతస్తులో గోడంతా కిటికీలే. మగ్గం మీద సన్నటి పట్టు పోగు కనబడాలంటే వెలుతురు కావాలి కదా, అందుకని మగ్గాన్ని ఇంటి నెత్తిన పెట్టుకున్నారు. మనమేమో మగ్గాన్ని నేలలోకి దించుకున్నాం. గుంటలో కాళ్లు పెట్టుకుంటే తొక్కుడు సులువు, పోగుకు చల్లదనమూ ఉంటుంది. వాళ్లకు వాన పడితే వెలుతురు పోయేది, మనకు వాన పడితే గుంటలోకి నీళ్లు వచ్చేవి. నువ్వు చెంబుతో నీళ్లు తోడిపోస్తుంటే నేను పడుగు తడవకుండా పట్టుకుని నిలబడ్డ రోజులు అక్కడ నిలబడి తలుచుకున్నా. నేసేటప్పుడు తోడుగా ఉంటాయని వాళ్లు పాడే పిట్టలను పంజరాల్లో పెంచుకునేవాళ్లట. నీకు రేడియో ఉన్నట్టు.

కొన్ని ఇళ్ల గుమ్మాల మీద పోగు చుట్టుకునే పెద్ద కర్ర కండె వేలాడుతోంది. ఈ ఇంట్లో పట్టు నేతవాళ్లు ఉండేవాళ్లు అని గుర్తు. నేను "ఇది కండె" అని గట్టిగా తెలుగులోనే అనేశా. అందరూ నావైపు తిరిగారు. టీచరమ్మ ఆగి, మీ భాషలో దీన్ని ఏమంటారని అడిగింది. చెప్పాను. మా నాయిన నేస్తాడని, చిన్నప్పుడు బడి నుంచి వచ్చి నేను కండెలు చుట్టేదాన్నని చెప్పాను. అయితే నన్ను ముందుకు రమ్మని, కండెను మోసే నాడె ఎట్లా పోతుందో, నిలువు పోగు పడుగు ఏది, అడ్డపోగు పేక ఏది అని అందరికీ చెప్పమన్నది. నాకు వచ్చిన ఇంగ్లిష్‌లో, చేతులతో చూపిస్తూ చెప్పాను. పదిహేను మంది వానలో నిలబడి మన పని గురించి విన్నారు నాయినా.

ఆ పెద్ద ఇళ్లన్నీ నేసినవాళ్లవి అనుకోవద్దు. ఎక్కువ భాగం పట్టు షావుకార్లవి, మన మాస్టర్ వీవర్ల లాంటివాళ్లవి. నూలు వాళ్లే ఇచ్చి, నేసిన బట్ట తీసుకుని మజూరి లెక్కగట్టేవాళ్లు. మజూరికి నేసేవాళ్లు చాలామంది కొంచెం అవతల బెత్నల్ గ్రీన్‌లో అద్దె గదుల్లో ఉండేవాళ్లు. అక్కడ మజూరి కోసం పెద్ద గొడవలే అయ్యాయి. తక్కువ మజూరికి నేసిన మగ్గాల మీద పట్టును రాత్రిపూట కోసేసేవాళ్లు. ఆ నేరం మీద 1769 డిసెంబర్‌లో ఇద్దరు నేతగాళ్లను బెత్నల్ గ్రీన్‌లోనే, తోటివాళ్ల కళ్ల ముందు ఉరితీశారు. తర్వాత 1773లో మజూరి ఎంతో మెజిస్ట్రేట్లు నిర్ణయించాలని చట్టం వచ్చింది. 1824లో దాన్ని తీసేశారు. 1860లో ఫ్రాన్స్ పట్టు మీద సుంకం ఎత్తేశాక ఇక్కడి మగ్గాలు దాదాపు ఆగిపోయాయి. ఈ వరస వింటుంటే పోగుకు కట్లు కట్టి రంగు అద్ది నేసే మన చిటికి చీరను అచ్చుగుద్ది మిల్లు బట్టగా అమ్ముతున్నారని నువ్వు పండుగ పూట కూడా బాధపడటం గుర్తొచ్చింది. కొన్ని రకాలు చేనేత మగ్గం మీదే నేయాలనే చేనేత రిజర్వేషన్ చట్టం 1985లోనే వచ్చింది. కాగితం మీద ఉన్నది బజారులో కనబడకపోతే నేసేవాడికి ఏం ఒరుగుతుంది.

ఇంకో మాట విని నాకు నోట మాట రాలేదు. 1719లో ఈ పేట నేతగాళ్లు వీధిలో ఆడవాళ్లను ఆపి ఒంటిమీది బట్టలు చింపారట. ఎందుకంటే అవి ఇండియా నుంచి వచ్చిన నూలు బట్ట మీద అద్దకం వేసినవి. అవి చవక, అందం, ఉతికినా రంగు పోదు. వాటి ముందు వీళ్ల పట్టు అమ్ముడుపోలేదు. 1721లో ఆ బట్ట కట్టుకోవడమే నేరమని చట్టం చేయించారు. ఇంగ్లిష్ కంపెనీ 1611లోనే మచిలీపట్నంలో వ్యాపార కోఠీ పెట్టింది కదా, మన తెలుగు అద్దకాలు కూడా ఓడల్లో ఇక్కడికి వచ్చినవే. అంటే ఎక్కడో మన దిక్కు మనిషి నేసిన బట్ట ఈ వీధిలో ఒకడి పొయ్యి ఆర్పింది. తర్వాత వందేళ్లకు ఇక్కడి లాంకషైర్ మిల్లు బట్ట వచ్చి మనవాళ్ల పొయ్యి ఆర్పింది. నాకు ఆ బట్టలు చింపినవాళ్ల మీద కోపం రావాలి. రాలేదు. ఆకలి మీదున్న మనిషి చేసిన తప్పు అనిపించింది. ఆ ఆడవాళ్లు మాత్రం ఏం పాపం చేశారు.

అమ్మా, ఇది నీకు. పక్క వీధి ప్రిన్స్‌లెట్ స్ట్రీట్‌లో ఒక ఇంటి గోడకు నీలం రంగు బిళ్ల ఉంది. దాని మీద అన్నా మరియా గార్త్‌వైట్ అనే ఆమె పేరు రాసి ఉంది. 1728 నుంచి 1763లో చనిపోయేదాకా ఆ ఇంట్లో ఉండి పట్టుబట్టకు పువ్వులు, తీగలు గీసి ఇచ్చేది. ఆమె గీసిన కాగితాలు వందల సంఖ్యలో ఇక్కడి విక్టోరియా అండ్ ఆల్బర్ట్ మ్యూజియంలో భద్రంగా ఉన్నాయి. నువ్వు ఒక్కో చీరకు మేకుల చుట్టూ పోగు తిప్పి ఆసు పోయడానికి చెయ్యిని వేలసార్లు అటూ ఇటూ తిప్పావు. రాత్రిపూట భుజానికి జండూబామ్ రాయమనేదానివి. చింతకింది మల్లేశం వాళ్ల అమ్మ లక్ష్మి గారి నొప్పి చూడలేక 1999లో ఆసు యంత్రం చేశాడు, 2017లో పద్మశ్రీ వచ్చింది. ఆ యంత్రం మన ఇంటికి రావడానికి ముందు నువ్వు పోసిన ఆసు ఎంతో ఎక్కడా రాసి లేదు. నువ్వు ఆసు పోసిన ఏ చీర మీదా నీ పేరు లేదు. అక్కడ నిలబడి ఆ బిళ్ల చదువుతుంటే కళ్లలో నీళ్లు తిరిగాయి. వాన అనుకున్నారేమో, ఎవరూ అడగలేదు.

చివర్లో పొద్దూ రాత్రీ తెరిచి ఉండే యూదుల రొట్టెల అంగడికి తీసుకుపోయింది. వెన్న రాసిన గుండ్రటి రొట్టె తిన్నా. దాన్ని బేగెల్ అంటారు. బాగుంది. అక్కడే అందరం విడిపోయాం.

రైలెక్కిన దగ్గర నుంచి ఒకటే ఆలోచన. ఆ వీధిలో ఇప్పుడు ఒక్క మగ్గం లేదు. అయినా ఒక టీచరమ్మ నడుస్తూ చెప్తుంటే 250 ఏళ్ల కింది మజూరి లెక్క కూడా విన్నాం. మన వాడకట్టులో ఇంకా మగ్గం చప్పుడు ఉంది. చెప్పేవాళ్లే లేరు. పోచంపల్లికి, పుట్టపాకకు బస్సుల్లో వచ్చి చూసి పోతారు, మంచిదే. మన దగ్గరికి ఎవరూ రారు. వచ్చినా రాకపోయినా అది మన ఇంటి సంగతి కదా. మన వాడకట్టు గురించి నాకు తెలిసింది పది ఇళ్ల వరకే. నీకు మార్కండేయ గుడి నుంచి చెరువుకట్ట దాకా ప్రతి గుమ్మం తెలుసు. ఏ ఇంట్లో ఎన్ని మగ్గాలు ఉండేవి, ఎవరు నూనె పట్టించిన నూలుతో తేలియా రుమాలు నేసేవాళ్లు, రంగు కలిపే కాగులు ఎక్కడ ఉండేవి, తెల్లవారుజామున వీధి పొడవునా పడుగు సాగదీసి ఎవరు గంజి పట్టించేవాళ్లు, ఏ ఏడు ఎవరు మరమగ్గాల పనికి భీవండి పోయారు, ఎవరు షోలాపూర్ పోయారు, ఎవరు తిరిగి రాలేదు.

అందుకని ఒకటి అడుగుతున్నా, కాదనకు. వచ్చే ఆదివారం పొద్దున ఎండ రాకముందే తమ్ముణ్ని వెంటబెట్టుకుని గుడి దగ్గర మొదలుపెట్టు. ప్రతి ఇంటి ముందు ఆగు. తెలిసింది తెలిసినట్టు చెప్పు. తమ్ముడు ఫోన్‌లో రికార్డు చేస్తాడు. వాడికి నేను విడిగా చెప్తా. మోకాలు నొప్పి ఉంటే ఒక్కరోజులో అంతా తిరగొద్దు, రోజుకు నాలుగు ఇళ్లు చాలు. అమ్మను కూడా రమ్మను. ఆడవాళ్లు ఎవరెవరు ఆసు పోసేవాళ్లో, ఎవరు కండెలు చుట్టేవాళ్లో, ఎవరు చిటికి కట్టేవాళ్లో నీకంటే అమ్మకే ఎక్కువ తెలుసు. పేర్లు అన్నీ చెప్పాలి. ఇంటిపేరుతో సహా.

చిన్నాయన వాళ్ల ఇంటికి తాళం ఉంటుంది, అయినా అక్కడ ఆగకుండా పోవద్దు. ఆయన భీవండి పోయేముందు రోజు రాత్రి దాకా ఆ ఇంట్లో మగ్గం ఆడింది, నాకు గుర్తుంది. తాళంచెవి మన దూలం మీదే ఉండాలి. తలుపు తీసి లోపలికి పోయి, ఆ మగ్గం గుంట ఇంకా ఉందో, బండలు పరిచి పూడ్చేశారో చూసి చెప్పు.

మీ బిడ్డ