‘లేత మనసులు’ వెనక జర్మన్ కవలలు

సంపాదకులకు నమస్కారం.

ఆదివారం సినిమా పేజీలో ‘లేత మనసులు’ (1966) కథకు మూలం 1961 నాటి హాలీవుడ్ ‘పేరెంట్ ట్రాప్’ అని రాసి అక్కడితో ఆపేశారు. అసలు మూలం జర్మన్. ఎరిహ్ కెస్ట్‌నర్ 1949లో రాసిన పిల్లల నవలను మరుసటి ఏడాదే యోసెఫ్ ఫాన్ బాకి సినిమాగా తీశారు. విడిపోయిన అమ్మానాన్నల్ని కలిపే అక్కచెల్లెళ్లుగా వేసింది యూటా, ఈజా గ్యుంటర్. 1938లో పుట్టిన నిజం కవలలు. ఆ సినిమాకు 1951లో జర్మన్ ఫిల్మ్ ప్రైజ్ వచ్చింది. 1957 దాకా వాళ్లిద్దరూ జంటగానే తెరమీద కనిపిస్తూ వచ్చారు.

ఈ పేర్లు ఎందుకు ముఖ్యమంటే, కవలలుంటే ఇద్దర్నీ పక్కపక్కన కూర్చోబెట్టి ఒక్క టేకులో తీసేయొచ్చు. మన కోడంబాకంలో తీసిన ‘లేత మనసులు’లో బాలనటి కుట్టి పద్మిని ఒక్కతే కవలల పాత్రలు రెండూ వేసింది. దాన్ని మీరు ‘కెమెరా ట్రిక్కు’ అని ఒక్క మాటలో తేల్చేశారు.

ఆ రోజుల్లో ఒకే మనిషిని ఇద్దరుగా చూపే మాస్క్ షాట్ అంటే లెన్సు ముందు నల్ల అట్టతో సగం ఫ్రేము మూసి, రెండో సగంలో పాపను నటింపజేయడం. తర్వాత లెన్సుకు మూత పెట్టి, ఫిల్మును మొదటి గుర్తు దాకా వెనక్కి తిప్పి, అట్టను రెండో పక్కకు మార్చి, అదే ఫిల్ము మీద మళ్లీ తీయాలి. 20 సెకన్ల షాటుకు 480 ఫ్రేములు, అంటే 30 అడుగులు. లెక్క తప్పితే ఒకరి మాట మీద ఇంకొకరి మాట పడుతుంది. అట్ట మార్చేలోగా పాప జడా గౌనూ మార్చుకుని వచ్చి, ఎదుట ఎవరూ లేకుండా, స్టాండు మీద కట్టిన గుర్తును చూస్తూ జవాబు చెప్పాలి. ఈలోగా కెమెరా స్టాండు కాలికి ఎవరి కాలైనా తగిలితే రెండు సగాలూ కలిసే మధ్య గీత వణుకుతుంది. అట్టల మధ్య సందు మిగిలితే తెల్ల చార, ఒకదాని మీదొకటి పడితే నల్ల చార. వోల్టేజి పడిపోతే సగం గది మసకబారుతుంది. చెయ్యి గీత దాటితే వేళ్లు మాయం! అందుకే ఆ గీతను తలుపు చట్రం మీదో, స్తంభం అంచు మీదో పడేలా సెట్టు వేసేవారు.

ఇప్పుడు గీతను కంప్యూటర్లో చెరిపేస్తున్నారు. పాప మాత్రం ప్రతి షాటూ రెండుసార్లు చేయాల్సిందే. మన 2017 బాల కార్మిక నిబంధనల ప్రకారం పిల్లల చేత రోజుకు 5 గంటలకు మించి, విరామం లేకుండా 3 గంటలకు మించి పని చేయించకూడదు. జర్మనీలో ఆరేళ్లు దాటిన పిల్లలకు షూటింగులో రోజుకు 3 గంటలే. ద్విపాత్ర ఉన్న రోజున షాట్ల జాబితా సగానికి తగ్గించుకోకపోతే ఈ గంటలు చాలవు.

ఆ వ్యాసానికి సవరణ వేస్తే గ్యుంటర్ అక్కచెల్లెళ్ల పేర్లు అందులో చేర్చండి. ‘ట్రిక్కు’ అన్న మాట తీసేసి, కుట్టి పద్మిని రెండు పాత్రలూ విడివిడిగా నటించిందని రాయండి.

— కెమెరా విభాగం పాఠకులు, సాలిగ్రామం, చెన్నై