అమ్మలుకు నాలుగు పుస్తకాలు పంపుతూ

చిరంజీవి అమ్మలుకు నాన్న ఆశీస్సులు.

నిన్న సాయంత్రం బస్టాండుకు వెళ్లి పార్సిల్ వేసి వచ్చాను. అమ్మ చేసిన చేగోడీల డబ్బా కింద నాలుగు పుస్తకాలు ఉంటాయి. మొన్న ఫోనులో ఈ సంగతి చెబితే, "చదవాల్సినవే కొండలా ఉన్నాయి నాన్నా, ఇప్పుడు రాక్షసుల కథలూ మంత్రగాళ్ల కథలూ ఎందుకు?" అన్నావు. అప్పుడు సరిగ్గా జవాబు చెప్పలేకపోయాను. అందుకే కూర్చుని రాస్తున్నాను.

ముందు 'ఫ్రాంకెన్‌స్టైన్' తీయి. అట్ట రంగు వెలిసిపోయిన పుస్తకం అదే. నేను డిగ్రీ రెండో సంవత్సరంలో ఉండగా ఒక ఆదివారం హైదరాబాదులో ఆబిడ్స్ ఫుట్‌పాత్ మీద కొన్నాను. అప్పటికి నా ఇంగ్లీషు అంతంత మాత్రం. పక్కన నిఘంటువు పెట్టుకుని, తెలియని మాటలకు అంచుల్లో పెన్సిలుతో అర్థాలు రాసుకుంటూ చదివాను. ఆ రాతలు ఇంకా ఉన్నాయి.

సినిమాల పుణ్యమా అని అందరూ ఆ పేరు రాక్షసుడిదే అనుకుంటారు. కాదు. అది అతన్ని తయారు చేసిన కుర్రవాడి ఇంటిపేరు. విక్టర్ ఫ్రాంకెన్‌స్టైన్, ఇంగోల్‌స్టాట్ విశ్వవిద్యాలయంలో చదువుకునే విద్యార్థి. తయారైన ప్రాణికి నవల మొత్తంలో పేరే ఉండదు. పేరు పెట్టవలసినవాడు, అతను కళ్లు తెరిచిన రాత్రే భయపడి గదిలోంచి పారిపోయాడు. ఆ తర్వాత జరిగే ఘోరాలన్నీ ఆ పరుగులోంచి పుట్టినవే.

రాసినప్పుడు మేరీ షెల్లీది సరిగ్గా నీ వయసు. 1815లో ఇండోనేషియాలో తంబోరా అగ్నిపర్వతం బద్దలైంది. దాని ప్రభావంతో మరుసటి ఏడు యూరప్‌లో వేసవి వేసవిలా రాలేదు. జెనీవా సరస్సు ఒడ్డున వానలకు ఇంట్లో చిక్కుకుపోయిన మిత్రులతో కవి బైరన్, తలా ఒక దయ్యం కథ రాద్దామన్నాడు. పద్దెనిమిదేళ్ల మేరీ ఈ కథ మొదలుపెట్టింది. పుట్టిన కొద్ది రోజులకే తల్లిని పోగొట్టుకున్న పిల్ల ఆమె. తన తొలి బిడ్డ కూడా అప్పటికే చనిపోయింది. కన్నవాళ్లు లేని ప్రాణి బాధ ఆమెకు ఊహించవలసిన అవసరం లేకపోయిందని నాకు అనిపిస్తుంది. 1818 జనవరిలో పుస్తకం వచ్చినప్పుడు దానిమీద ఆమె పేరు లేదు. 1823లో వచ్చిన రెండో ముద్రణలో గానీ పేరు వేయలేదు.

ఒక మాట ముందే చెబుతున్నాను. మొదట్లో ఒక ఓడ కెప్టెన్ తన సోదరికి రాసే ఉత్తరాలతో కథ చాలా నెమ్మదిగా కదులుతుంది. విసుగు వస్తే రానీ. ఓపిక పట్టి, ఆ ప్రాణి తన కథ తాను చెప్పుకునే చోటిదాకా వెళ్లు. అందరూ తరిమితే అతను అడవి పక్కన ఒక ఇంటికి ఆనుకుని ఉన్న చిన్న కొట్టంలో దాక్కుంటాడు. చెక్కల సందులోంచి ఆ ఇంట్లోకి చూస్తాడు. చూపులేని ఒక ముసలాయన, ఆయన కొడుకు, కూతురు. వాళ్ల మాటలు వింటూ అతను మొట్టమొదట నేర్చుకున్నవి నాలుగు: నిప్పు, పాలు, రొట్టె, కట్టెలు. రాత్రిళ్లు వాళ్ల తిండిలో కొంత దొంగిలించేవాడు. వాళ్లకే చాలడం లేదని తెలిసిన రోజు నుంచి మానేసి కాయలూ దుంపలూ తిన్నాడు. చీకట్లో అడవికి వెళ్లి కట్టెలు కొట్టి తెచ్చి వాళ్ల వాకిట్లో పెట్టాడు. పొద్దున తలుపు తీసిన అమ్మాయి ఆ కుప్పను చూసి నివ్వెరపోతుంది. ఆ పేజీ అంచున నా రాత చూడు. అది మాటకు అర్థం కాదు, "అయ్యో" అని రాసుకున్నాను.

రెండోది ఉర్సులా లె గ్విన్ 1968లో రాసిన 'ఎ విజార్డ్ ఆఫ్ ఎర్త్‌సీ'. అంతా సముద్రమూ దీవులే అయిన లోకం. అక్కడ ప్రతి వస్తువుకూ ఒక అసలు పేరు ఉంటుంది. ఆ పేరు తెలిసినవాడికే దానిమీద అధికారం. గొంట్ అనే దీవిలో మేకలు కాసుకునే కుర్రవాడు గెడ్. రాగి రంగు ఒళ్లు. మంత్రవీరులంటే తెల్లవాళ్లే అన్నట్టు నడుస్తున్న కాలంలో లె గ్విన్ కావాలనే అలా రాసింది. అతనికి తెలివి చాలా ఎక్కువ, గర్వం అంతకంటే ఎక్కువ. మంత్రవిద్య నేర్పే బడిలో తోటివాడు రెచ్చగొడితే, తన శక్తి చూపించాలని చనిపోయిన ఒక స్త్రీని పిలుస్తాడు. ఆమె వెనకే ఒక నీడ ఈ లోకంలోకి దూకి అతని ముఖం చీల్చేస్తుంది. అక్కడి నుంచి అది తరమడం, ఇతను దీవి నుంచి దీవికి పరుగెత్తడం. చివరికి డేగగా మారి సముద్రం దాటి వచ్చి, తన తొలి గురువు ఓగియన్ చేతి మీద వాలతాడు. గురువు అతన్ని మళ్లీ మనిషిని చేస్తాడు. ఒక్క మాట తిట్టడు. అన్నం పెట్టి, నిద్రపోనిచ్చి, ఆ తర్వాత చెబుతాడు: ఇక పరుగు ఆపి వెనక్కి తిరుగు, నువ్వే దాన్ని వెతుక్కుంటూ వెళ్లు. గెడ్ వెళ్లాక చివర అతను పలికే పేరు ఏమిటో నేను చెప్పను. అది నువ్వే చదవాలి.

అమ్మలూ, నువ్వు దసరాకు రాలేదు, దీపావళికి రాలేదు. సంక్రాంతికి కూడా ప్రాజెక్టు పని ఉందన్నావు. నీ హాల్ టికెట్ నంబరు నా దగ్గర ఉంది. లెక్కల పేపరు సంగతి నాకు అప్పుడే తెలిసింది, అమ్మకూ తెలుసు. నువ్వే చెబుతావని ఇద్దరమూ ఎదురుచూశాం. నేను డిగ్రీ రెండో సంవత్సరంలో లెక్కల్లోనే తప్పాను. నాలుగు నెలలు మీ తాతయ్య ముఖం చూడకుండా హైదరాబాదులోనే తిరిగాను. ఆ నాలుగు నెలల్లో ఒక ఆదివారమే ఈ ఫ్రాంకెన్‌స్టైన్ కొన్నది. చివరికి ఇంటికి వెళ్లి చెబితే, మీ తాతయ్య "ముందు కాళ్లు కడుక్కో, అన్నం తిందాం" అన్నారు. ఓగియన్ దగ్గరకు వచ్చినప్పుడల్లా నాకు ఆయనే గుర్తొస్తారు.

మిగిలిన రెండింటికీ తొందర లేదు. వెల్స్ 1895లో రాసిన 'టైమ్ మెషీన్' చిన్నది, ఒక ఆదివారం చాలు. అందులో 8,02,701వ సంవత్సరంలో ఒక పాడుబడ్డ మ్యూజియం వస్తుంది. పుస్తకాలన్నీ కుళ్లి పీలికలై వేలాడే గది దగ్గర కాసేపు ఆగు. జూల్స్ వెర్న్ 'ట్వంటీ థౌజండ్ లీగ్స్'లో జలాంతర్గామి నడిపే కెప్టెన్ నెమో సింహళం దగ్గర సముద్రంలో ఒక పేద ముత్యాల గజ ఈతగాడిని సొరచేప నుంచి కాపాడి, ముత్యాల సంచి చేతిలో పెడతాడు. ఎందుకంత ప్రేమ అంటే, తానూ అణగదొక్కబడిన ప్రజల మనిషినేనంటాడు. ఏ దేశమో మాత్రం చెప్పడు. ఆ జవాబు 1875లో పూర్తయిన 'మిస్టీరియస్ ఐలాండ్'లో ఉంది: నెమో మన బుందేల్‌ఖండ్ రాకుమారుడు డక్కర్, 1857లో ఇంగ్లీషువాళ్ల మీద పోరాడినవాడు. ఆ పుస్తకం పార్సిల్‌లో పెట్టలేదు. నీ గదిలో కిటికీ పక్క అలమారాలో ఉంది. టోల్కీన్ 'లార్డ్ ఆఫ్ ది రింగ్స్' మూడు సంపుటాలూ అక్కడే ఉన్నాయి, అవి ఎండాకాలం సెలవులకు.

అమ్మ అరిసెలకు బియ్యం ఎప్పుడు నానబెట్టాలని అడుగుతోంది. ఏ రోజు బయలుదేరుతావో చెబితే రాత్రి ఎంతైనా బస్టాండుకు నేనే వస్తాను. ఫ్రాంకెన్‌స్టైన్ అట్ట ఊడిపోతే మళ్లీ అతికించాను, పుస్తకం మరీ వెనక్కి విరిచి పట్టుకోకు.

నాన్న