ఫిర్యాదు: వరదలో మునిగిన కారును మునగని కారని చెప్పి అమ్మినందుకు

మర్రిగూడ మండలం,
నల్గొండ జిల్లా.
12 సెప్టెంబర్ 2025

కస్టమర్ కేర్ మేనేజర్ గారికి,
పాత కార్ల అమ్మకం విభాగం,
హైదరాబాద్.

విషయం: 2017 మోడల్ హోండా సిటీ పెట్రోల్ కారును వెనక్కి తీసుకుని, పూర్తి డబ్బు తిరిగి ఇవ్వమని కోరడం గురించి.

అయ్యా,

ఈ సంవత్సరం ఫిబ్రవరి 16న, ఆదివారం, మీ ఎల్బీనగర్ బ్రాంచిలో 6,15,000 రూపాయలు కట్టి నేను ఈ కారు కొన్నాను. అందులో నాలుగు లక్షలు బ్యాంకు లోను. మీరు ఇచ్చిన తనిఖీ రిపోర్టు మొదటి పేజీలోనే 'నాన్ యాక్సిడెంట్, నాన్ ఫ్లడెడ్' అని ఉంది. కానీ ఈ కారు 2020 అక్టోబర్ వరదలో డ్యాష్‌బోర్డు దాకా మునిగింది. ఇది నా అనుమానం కాదు, కాగితం మీద రుజువు ఉంది. జూలై నుంచి మీ కస్టమర్ కేర్‌కు నాలుగు సార్లు ఫోన్ చేశాను. రెండు సార్లు నాకు చెప్పకుండానే టికెట్ క్లోజ్ చేశారు. అందుకే ఇప్పుడు రిజిస్టర్డ్ పోస్టులో రాస్తున్నాను.

నేను హైస్కూల్లో ఫిజికల్ సైన్స్ టీచర్‌ని. కారు కొన్నది మా అమ్మ కోసం. అమ్మకు 68 ఏళ్లు. మర్రిగూడ అంటే నీళ్లలో ఫ్లోరైడ్ అని మీకు తెలిసే ఉంటుంది. కృష్ణా నీళ్లు ఇంటికి రాకముందు ఏళ్ల తరబడి బావి నీళ్లు, బోరు నీళ్లు తాగిన ఒళ్లు ఆమెది. మోకాళ్లు పూర్తిగా వంగవు, నడుము బిగుసుకుపోయింది. రెండు నెలలకోసారి హైదరాబాద్‌లోని నిమ్స్ ఆసుపత్రికి తీసుకెళ్లాలి. ఆర్టీసీ బస్సులో 2023 డిసెంబర్ నుంచి ఆడవాళ్లకు టికెట్ లేదు, నిజమే. కానీ బస్సు మెట్టు ఎక్కలేని మనిషికి టికెట్ లేకపోతే ఏం లాభం? ఎత్తు బండ్లు చూశాం, ఎక్కలేకపోయింది. చిన్న కార్లలో వెనక సీట్లో మోకాళ్లు ముందు సీటుకు తగిలాయి. హోండా సిటీలో వెనక కూర్చోబెట్టినప్పుడు మాత్రం, "బిడ్డా, దీంట్ల కాళ్లు సాపుకోవచ్చు" అంది. ఆ ఒక్క మాటతో నేను ఈ కారు ఖాయం చేసుకున్నాను.

ఇంకో సంగతి కూడా చెప్పాలి. కారు తయారు చేసిన వాళ్ల మీద నాకు ఏ ఫిర్యాదూ లేదు. సిటీ 1998 నుంచి మన దేశంలో నడుస్తున్న కారు. మా స్టాఫ్‌లో ఒక సార్ దగ్గర ఇదే 1,497 సీసీ పెట్రోల్ ఇంజిన్ ఉన్న కారు లక్షా ఇరవై వేల కిలోమీటర్లు తిరిగింది. ఆయిల్ మార్చడం తప్ప పెద్ద ఖర్చు పెట్టలేదట. పాతదైనా మంచి బండి దొరుకుతుందని నమ్మడానికి నాకు అదే కారణం. మీరు చూపించిన కారు మీటరు 58,200 దగ్గర ఉంది. లోపల సువాసన వచ్చింది. సీట్లకు కొత్త కవర్లు, కింద కొత్త మ్యాట్లు. ఆ సువాసన ఎందుకు కొట్టారో, ఆ మ్యాట్లు ఎందుకు మార్చారో నాకు వానాకాలం వచ్చాక అర్థమైంది.

జూన్‌లో మొదటి వానలకు కారులో తడిసిన మట్టి వాసన మొదలైంది. అద్దాలు దించి రెండు రోజులు ఎండలో పెట్టినా పోలేదు. తర్వాత ఒక రోజు పవర్ విండో ఆగింది. మరునాడు దానంతట అదే పనిచేసింది. చిన్నవేలే అనుకున్నాను.

జూలై 12, రెండో శనివారం. నిమ్స్‌లో చూపించుకుని తిరిగి వస్తున్నాం. యాచారం దాటాక వాన పెరిగింది. మాల్ ఊరు ఇంకా రాలేదు. స్టీరింగ్ బొమ్మ లైటు వెలిగింది, స్టీరింగ్ ఒక్కసారిగా రాయిలా బరువైంది, రెండు నిమిషాలకు ఇంజిన్ ఆగిపోయింది. సాగర్ రోడ్డు మీద లారీలు ఎంత వేగంగా వస్తాయో ఆ దారిన వెళ్లే వాళ్లకు తెలుసు. హజార్డ్ లైట్లు కూడా వెలగలేదు. అమ్మను దించి పక్కన నిలబెడదామంటే ఆమె తనంతట తాను దిగలేదు. వెనక నుంచి ఏ బండి గుద్దుతుందోనని నేను వానలో ఫోన్ టార్చి ఊపుతూ నిలబడ్డాను. పంక్చర్ షాపు ఆయన, ఇద్దరు కూలీలు వచ్చి కారును రోడ్డు దించేదాకా ఇరవై నిమిషాలు పట్టింది. ఆ ఇరవై నిమిషాలు అమ్మ లోపలే ఉంది. ఆ టెన్షన్ మాటల్లో చెప్పలేను.

టోయింగ్‌కు 4,500 అయింది. జూలై 21న కారును హోండా సర్వీస్ సెంటర్‌లో విప్పించాను. మెకానిక్ ముందుగా చేసిన పని నన్ను ఆశ్చర్యపరిచింది. బానెట్ తెరవలేదు. డ్రైవర్ సీటు బెల్టును చివరిదాకా బయటకు లాగాడు. మామూలుగా మనం లాగే రెండు మూడు అడుగులు శుభ్రంగానే ఉంది. రోలర్‌లో చుట్టుకుని ఉండే చివరి భాగం మీద బురద మరక, గీత గీసినట్టు ఉంది. "మేడం, ఇది నీళ్లల్ల మునిగిన బండి" అన్నాడు. తర్వాత డిక్కీలో స్టెప్నీ తీస్తే ఆ గుంటలో ఎండిన ఒండ్రు. సీట్ల కింద పట్టాలకు తుప్పు. కొత్త మ్యాట్ల కింద పాత కార్పెట్ ఇంకా చెమ్మగానే ఉంది. కార్పెట్ కింద వైర్ల కనెక్టర్లు విప్పితే పచ్చటి పూత.

రాగి మీద పచ్చటి పూత ఎలా వస్తుందో నేను ప్రతి సంవత్సరం పదో తరగతి పిల్లలకు చెబుతాను. గాలిలోని తేమ, కార్బన్ డయాక్సైడ్‌తో రాగి చర్య జరిపితే అది ఏర్పడుతుంది. వరద నీరు మామూలు నీరు కాదు, అందులో డ్రైనేజీ ఉంటుంది, లవణాలు ఉంటాయి. అవి కనెక్టర్ లోపల మిగిలిపోతే, కరెంటు పారుతున్న తీగ దగ్గర తుప్పు ఇంకా వేగంగా పడుతుంది. అందుకే మునిగిన కారు వెంటనే ఆగిపోదు. ఆరబెట్టి, తుడిచి, రెండు మూడు భాగాలు మారిస్తే నెలలు, ఏళ్లు కూడా తిరుగుతుంది. గాలిలో తేమ పెరిగినప్పుడల్లా ఒక్కోటి పాడవుతూ వస్తుంది. ఫిబ్రవరి ఎండలో మీ యార్డులో అన్నీ పనిచేశాయంటే నేను నమ్ముతాను. అందులో అబద్ధం లేదు. అబద్ధం 'నాన్ ఫ్లడెడ్' అన్న మాటలో ఉంది.

ఇక అన్నింటికంటే నన్ను బాధపెట్టిన విషయం. కీ తిప్పగానే మీటరు మీద ఎయిర్‌బ్యాగ్ బొమ్మ ఎర్రగా వెలిగి, కొన్ని సెకన్లకు ఆరిపోవాలి. వెలిగి ఆరకపోతే సిస్టమ్‌లో లోపం ఉన్నట్టు. నా కారులో అది అసలు వెలగనే లేదు. వెలగని లైటును ఎవరు గమనిస్తారు? నేనూ గమనించలేదు. మీటరు విప్పితే ఆ బొమ్మ వెనక నల్ల టేపు ముక్క అతికించి ఉంది. టేపు తీయగానే లైటు వెలిగింది, ఇక ఆరలేదు. ఎయిర్‌బ్యాగులను నడిపించే యూనిట్ కారు మధ్యలో, నేలకు దగ్గరగా ఉంటుంది. నీళ్లు ముందు చేరేది అక్కడికే. అది పనిచేయడం లేదని స్కానర్‌లో తేలింది. అంటే ఐదు నెలలు మా అమ్మను, అప్పుడప్పుడు మా స్కూలు పిల్లలను కూడా, ఎయిర్‌బ్యాగులు ఉన్నాయన్న నమ్మకంతో లేని కారులో తిప్పాను. మీ రిపోర్టులో 'ఎయిర్‌బ్యాగ్ వార్నింగ్ లైటు' అన్న గడికి ఎదురుగా 'పనిచేస్తుంది' అని టిక్ ఉంది. ఆ టేపు మీ వాళ్లే అతికించారని నేను అనడం లేదు. కానీ కీ తిప్పి చూసిన మనిషి ఆ టిక్ పెట్టలేడు. చూడకుండా టిక్ పెట్టారు, లేదా చూసి పెట్టారు. రెండింటిలో ఏదైనా మీదే బాధ్యత.

ఆర్‌సీ నా పేరు మీద ఉంది కాబట్టి సర్వీస్ సెంటర్ వాళ్లను పాత సర్వీస్ రికార్డు అడిగాను, ఇచ్చారు. 2020 అక్టోబర్ 19 నాటి జాబ్ కార్డు, అంటే కారు రిపేరుకు వచ్చినప్పుడు సర్వీస్ సెంటర్ రాసుకునే కాగితం, ఉంది. కారు టోయింగ్ మీద వచ్చింది, నీళ్లు డ్యాష్‌బోర్డు దాకా చేరాయి, ఇన్సూరెన్స్ సర్వేయర్ చూశారు, రిపేరు చేయకుండానే నవంబర్‌లో బయటకు వెళ్లింది అని అందులో రాసి ఉంది. అప్పటికి మీటరు 41,000. ఆ తర్వాత అక్కడ ఒక్క సర్వీసు కూడా లేదు. 2020 అక్టోబర్ 13 రాత్రి హైదరాబాద్‌లో పడిన వాన ఎవరూ మరిచిపోలేదు. సరూర్‌నగర్, హయత్‌నగర్ వైపు కాలనీల్లో కార్లు కొట్టుకుపోవడం మనమంతా టీవీల్లో చూశాం. అదే వైపు ఉన్న మీ యార్డుకు, రోజూ పాత కార్లే కొనే మీ వాళ్లకు, 2020కి ముందు రిజిస్టరైన హైదరాబాద్ కారు వస్తే సీటు బెల్టు లాగి చూడాలని తెలియదా? నాకు ఆ మెకానిక్ అర నిమిషంలో చూపించాడు.

కారు అమ్మేటప్పుడు మీ సేల్స్ అబ్బాయి "సింగిల్ ఓనర్ మేడం" అని పదే పదే చెప్పాడు. కాగితం మీద అది నిజమే. ఇన్సూరెన్స్ వాళ్లు క్లెయిం కట్టేశాక కారు చేతులు మారింది, బాగుచేసిన వాళ్లు మారారు, కానీ ఆర్‌సీ మాత్రం మొదటి యజమాని పేరు మీదే ఉండిపోయింది. ఇలాంటివి ఆపడానికే కదా, 2023 ఏప్రిల్ 1 నుంచి పాత వాహనాల డీలర్లు రవాణా శాఖ అనుమతి తీసుకోవాలని, కారు చేతికి రాగానే తెలపాలని, అమ్మేదాకా డీలరే యజమానిగా లెక్క అని కేంద్రం నిబంధన పెట్టింది. ఈ కారు మీ దగ్గరకు ఎవరి నుంచి, ఏ తేదీన వచ్చిందో రాతపూర్వకంగా చెప్పండి.

మీ సమాధానాలు కూడా గుర్తు చేస్తాను. మొదటి ఫోన్‌లో ఆరు నెలల వారంటీ ఉంది అన్నారు. రెండో ఫోన్‌లో నీళ్ల వల్ల వచ్చిన లోపానికి వారంటీ వర్తించదు అన్నారు. మునగలేదని మీరే రాసిచ్చిన కారుకు, మునిగిన కారణంగా వారంటీ లేదని మీరే అంటున్నారు. మూడోసారి కార్పెట్ మార్చి ఇస్తామన్నారు. నాలుగోసారి మాట్లాడినతను 'మీ సార్‌తో మాట్లాడించండి మేడం' అన్నాడు. కారు నా పేరు మీద ఉంది, లోను నా జీతంలోంచి కడుతున్నాను, నడిపేది నేను. నాతోనే మాట్లాడాలి.

ఒప్పందంలో కారును 'ఎలా ఉన్నది అలా' తీసుకున్నట్టు సంతకం ఉందని చెప్పారు. ట్యాబ్ మీద వేలితో పెట్టించిన సంతకం అది. తెలిసిన లోపాన్ని దాచిపెట్టి ఒప్పించడాన్ని 1872 నాటి కాంట్రాక్ట్ చట్టం సెక్షన్ 17 మోసం కిందే చూస్తుంది. మోసంతో తీసుకున్న సంతకాన్ని అడ్డం పెట్టుకుని తప్పించుకోవడం కుదరదు.

నేను అడుగుతున్నది ఇదీ. కారును వెనక్కి తీసుకుని 6,15,000 రూపాయలు పూర్తిగా ఇవ్వాలి, కిలోమీటర్ల పేరుతో, తరుగు పేరుతో కోత వద్దు. టోయింగ్‌కు 4,500, కారు విప్పించి చూపించినందుకు 6,800 ఇవ్వాలి. ఫిబ్రవరి నుంచి బ్యాంకుకు కట్టిన వడ్డీ ఇవ్వాలి, దాని స్టేట్‌మెంట్ జత చేశాను. లోను తీర్చి, ఆర్‌సీ మీద బ్యాంకు పేరు తీసేయించే పని మీ వాళ్లే దగ్గరుండి చేయించాలి. కార్పెట్ మార్చడం, వైరింగ్ మార్చడం, ఇంకో కారు ఇవ్వడం వంటి వాటికి నేను ఒప్పుకోను. మీ దగ్గర ఇంకో కారు కొనే ధైర్యం నాకు లేదు.

ఈ లేఖ అందిన 15 రోజుల్లో జవాబు రాకపోతే, నల్గొండ జిల్లా వినియోగదారుల కమిషన్‌లో కేసు వేస్తాను. 2019 వినియోగదారుల రక్షణ చట్టం ప్రకారం నేను ఉండే జిల్లాలోనే వేయవచ్చు, మీ హెడ్డాఫీసు ఉన్న చోటికి తిరగనక్కర్లేదు. ఐదు నుంచి పది లక్షల లోపు కేసుకు ఫీజు 200 రూపాయలు. జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915 నంబరుకు ఇప్పటికే ఫిర్యాదు చేశాను. సీటు బెల్టు, స్టెప్నీ గుంట, కనెక్టర్లు, నల్ల టేపు ఫోటోలు, జాబ్ కార్డు నకలు, మీ తనిఖీ రిపోర్టు నకలు ఈ లేఖతో పంపుతున్నాను. అసలువి నా దగ్గరే ఉంచుకున్నాను.

కారు మా ఇంటి ముందు వేపచెట్టు కింద ఉంది. జూలై నుంచి దాన్ని కదిలించలేదు. అమ్మను ఈ నెల అద్దె కారులో నిమ్స్‌కు తీసుకెళ్లాను, రానుపోను 3,200 అయింది.

చివరగా ఒక్కటి అడుగుతున్నాను, ఇది డబ్బు సంగతి కాదు. ఈ కారు మీ యార్డుకు తిరిగి వచ్చాక దానికి మళ్లీ సువాసన కొట్టి, కొత్త మ్యాట్లు వేసి, ఇంకొకరికి అమ్మకండి. వరదలో మునిగిందని, ఎయిర్‌బ్యాగులు పనిచేయవని రాసి, తుక్కు కిందో విడిభాగాల కిందో ఇవ్వండి. అలా చేస్తామని మీ జవాబులో రాతపూర్వకంగా ఇవ్వండి. ఆ కాగితం వచ్చాకే కారు తాళాలు మీ మనిషి చేతికి ఇస్తాను.

ఇట్లు,
(సంతకం)
కారు కొనుగోలుదారు,
ఫిజికల్ సైన్స్ ఉపాధ్యాయురాలు,
మర్రిగూడ మండలం, నల్గొండ జిల్లా.