జనవరి ఉత్తరం: నాలుగు కొండలూ గెలిచినవాడు

తల్లిదండ్రులకు నమస్కారం.

సంక్రాంతి సెలవుల ముందు ఇచ్చే ఉత్తరంలో ఫీజు గడువు, పదో తరగతి ప్రీ-ఫైనల్ టైంటేబుల్, ముగ్గుల పోటీ ఫలితాలు ఉండడం మన ఆనవాయితీ. ఈసారి అవన్నీ వెనక పేజీకి పంపాను. ఈ పేజీ ఒక జర్మనీ ఆటగాడిది.

ఇందుకు కారణం మీ పిల్లలే. డిసెంబరులో తొమ్మిదో తరగతికి చలనం పాఠం చెబుతూ, విసిరిన వస్తువు గాలిలో ఏ దారిన పోతుందో చూపిద్దామని స్మార్ట్ బోర్డు మీద స్కీ జంపింగ్ వీడియో ఒకటి వేశాను. పాఠం పక్కకు పోయింది, పిల్లలు ఆ మంచుకొండ దగ్గరే ఆగిపోయారు. మర్నాడు ఒక తండ్రి ఫోన్ చేసి, "సార్, మావాడు నిన్నటి నుంచి సోఫా మీంచి దూకుతున్నాడు, బళ్లో ఏం చూపించారు?" అని అడిగారు. ఆ వీడియోలో దూకినవాడి పేరు స్వెన్ హన్నవాల్ట్. అతని కథ పిల్లలకు సగమే చెప్పాను. మిగతా సగం వాళ్లకంటే మీకూ నాకూ ఎక్కువ అవసరం అనిపించింది.

ముందు ఆట గురించి నాలుగు మాటలు. కొండ మీద కట్టిన ఎత్తైన ర్యాంపు పైనుంచి ఆటగాడు కాళ్లకు స్కీలు, అంటే మంచు మీద జారే పొడవాటి పలకలు, కట్టుకుని జారతాడు. కింది అంచుకు చేరేసరికి వేగం గంటకు 90 కిలోమీటర్లకు కాస్త అటూ ఇటూ ఉంటుంది. ఆ అంచు పైకి లేచి ఉంటుందని అందరం అనుకుంటాం. నిజానికి అది పది పదకొండు డిగ్రీలు కిందికే వాలి ఉంటుంది. ఎగరాల్సింది మనిషే, అదీ రెప్పపాటులో. కాస్త ముందు లేచినా, కాస్త ఆలస్యమైనా దూరం పోతుంది. తర్వాత నాలుగైదు సెకన్లు స్కీలను వి ఆకారంలో విడదీసి, ఒళ్లంతా ముందుకు వాల్చి గాలి మీద పడుకున్నట్టు ఉండాలి. దిగేటప్పుడు ఒక కాలు ముందు, ఒకటి వెనక పెట్టి, మోకాళ్లు వంచి, చేతులు చాపి నిలదొక్కుకోవాలి. దూరానికి మార్కులు, అందానికి మార్కులు. అందానికి ఐదుగురు జడ్జీలు తలా 20కి వేస్తారు. అందులో అన్నిటికంటే ఎక్కువదీ తక్కువదీ కొట్టేసి మిగతా మూడే కలుపుతారు. మన పేపర్లు దిద్దే పద్ధతి కంటే ఇదే నయమని మా స్టాఫ్ రూంలో ఒకరు అన్నారు. నేనేమీ అనలేదు.

హన్నవాల్ట్ 1974 నవంబరు 9న తూర్పు జర్మనీలో, చెక్ సరిహద్దు కొండల్లోని ఎర్లాబ్రున్‌లో పుట్టాడు. ఆ దేశంలో ఆటల్లో చురుగ్గా ఉన్న పిల్లల్ని చిన్నప్పుడే ఏరి ప్రత్యేక క్రీడా పాఠశాలల్లో చేర్చేవారు. ఇతన్నీ అలాగే క్లింగెన్‌తాల్‌లోని అలాంటి స్కూల్‌కి పంపారు. హాస్టల్, చదువు, ప్రాక్టీసు, మళ్లీ ప్రాక్టీసు. ఇలాంటి దినచర్య మనకేమీ కొత్త కాదు. 1989లో బెర్లిన్ గోడ పడిపోయింది, మరుసటి ఏడాది రెండు జర్మనీలూ ఒకటయ్యాయి. ఆ తర్వాత కుటుంబం పడమటి వైపు వెళ్లింది, కుర్రాడు బ్లాక్ ఫారెస్ట్ ప్రాంతంలోని హింటర్‌జార్టెన్ క్లబ్ తరఫున దూకడం మొదలుపెట్టాడు.

వెంటనే స్టార్ అయిపోలేదు. 1998 నగానో ఒలింపిక్స్‌లో జట్టుతో వెండి పతకం వచ్చింది. కానీ అప్పట్లో జర్మనీ అంతా మోసింది అతని సహచరుడు మార్టిన్ ష్మిట్‌ని. వరుసగా రెండుసార్లు ప్రపంచకప్ గెలిచినవాడు మరి. హన్నవాల్ట్ ఆ నీడలోనే ఉంటూ 2000లో స్కీ ఫ్లయింగ్ ప్రపంచ విజేత అయ్యాడు. అది ఇంకా పెద్ద కొండల మీద, ఇంకా ఎక్కువ దూరాలు ఎగిరే ఆట.

ఇక పిల్లలకు నోరు తెరిపించిన భాగం. జర్మనీలో, ఆస్ట్రియాలో ఏటా డిసెంబరు చివరి నుంచి జనవరి 6 దాకా నాలుగు కొండల టోర్నమెంట్ జరుగుతుంది. ఓబర్‌స్ట్‌డార్ఫ్, గార్మిష్-పార్టెన్‌కిర్షెన్, ఇన్స్‌బ్రుక్, బిషోఫ్స్‌హోఫెన్. కొత్త సంవత్సరం రోజు మనం కేకు కోసుకుని టీవీ ముందు కూర్చున్నట్టే, అక్కడివాళ్లు గార్మిష్ పోటీ ముందు కూర్చుంటారు. 1953లో మొదలైన ఈ టోర్నమెంట్‌లో ఒకే సీజన్‌లో నాలుగు కొండలూ గెలిచిన మనిషి 49 సార్లు జరిగినా పుట్టలేదు. మూడు గెలిచి నాలుగోది పోగొట్టుకున్నవాళ్లు ఉన్నారు. యాభయ్యోసారి, అంటే 2001-02లో, హన్నవాల్ట్ ఓబర్‌స్ట్‌డార్ఫ్ గెలిచాడు. గార్మిష్ గెలిచాడు. ఇన్స్‌బ్రుక్ కొండ పైన కూర్చుంటే ఎదురుగా కనిపించేది ఊరి శ్మశానం. అదీ గెలిచాడు. రెండు రోజుల తర్వాత, 2002 జనవరి 6న, బిషోఫ్స్‌హోఫెన్‌లో మొదటి జంపే 139 మీటర్లు. నాలుగో కొండ కూడా అతనిదే. మళ్లీ ఆ పని ఎవరైనా చేయడానికి 16 ఏళ్లు పట్టింది. 2018లో పోలండ్‌కి చెందిన కమిల్ స్టోఖ్, ఆ మరుసటి ఏడాది జపాన్‌కి చెందిన ర్యోయు కొబయాషి చేశారు.

నెల తిరిగేసరికి సాల్ట్‌లేక్ సిటీ ఒలింపిక్స్. చిన్న కొండ మీద స్విట్జర్లాండ్‌కి చెందిన సైమన్ అమ్మన్ వెనక వెండి. పెద్ద కొండ మీద దూరం బాగానే వచ్చినా దిగేటప్పుడు నిలదొక్కుకోలేక నాలుగో స్థానం. జట్టు పోటీలో హన్నవాల్ట్, ష్మిట్, మిఖాయెల్ ఊర్మన్, స్టెఫాన్ హాకె కలిసి స్వర్ణం గెలిచారు. జర్మనీకి 974.1 పాయింట్లు, ఫిన్లాండ్‌కి 974.0. తేడా ఎంతో చూశారా? నలుగురు తలా రెండుసార్లు, మొత్తం ఎనిమిది జంపులు దూకితే చివరికి తేలింది పాయింటులో పదో వంతు. పెద్ద కొండ మీద ఒక మీటరుకు 1.8 పాయింట్లు. లెక్క వేస్తే ఆ తేడా ఐదారు సెంటీమీటర్లు, నా చూపుడు వేలు కంటే తక్కువ. దూరం కొలిచేదేమో అర మీటరు లెక్కన! ఆ రోజు ఫిన్లాండ్ నలుగురూ జర్మనీ నలుగురి కంటే తక్కువవాళ్లని ఎవరైనా అనగలరా? అర మార్కు కోసం పేపరు పట్టుకుని నా గదికి వచ్చే అమ్మానాన్నలు ఈ లెక్క ఒకసారి చూడాలని నా కోరిక. మార్కు వేయాల్సి ఉంటే తప్పకుండా వేస్తాం, అది వేరే సంగతి.

అదే ఏడాది స్కీ ఫ్లయింగ్ ప్రపంచ టైటిల్ నిలబెట్టుకున్నాడు. జర్మనీ అతన్ని ఆ ఏటి మేటి క్రీడాకారుడిగా ఎన్నుకుంది. తర్వాతి సీజన్‌లో నాలుగు కొండల్లో రెండో స్థానం, ప్రపంచకప్‌లోనూ రెండో స్థానం. ఈ ప్రోగ్రెస్ కార్డు మన పిల్లవాడిదైతే మనం స్వీట్లు పంచుతాం.

కానీ లోపల జరిగింది వేరు. తర్వాత ఇంటర్వ్యూల్లో అతనే చెప్పుకున్నాడు. ఎంత విశ్రాంతి తీసుకున్నా అలసట పోయేది కాదు. పడుకుని లేచినా అదే బరువు. డాక్టర్ల దగ్గరికి వెళ్తే ఒంట్లో ఏ లోపమూ లేదనేవారు. రిపోర్టులన్నీ నార్మల్. దాంతో తనే సరిగా కష్టపడటం లేదేమోనని ఇంకాస్త కష్టపడ్డాడు. మంచిగా దూకితే చాలదు, తప్పు లేకుండా దూకాలన్నది అతని స్వభావం. దానికి తోడు ఆ ఆటలో ఒళ్లు తేలికగా ఉంటే దూరం ఎక్కువ వస్తుంది. పొడుగ్గా, బక్కగా ఉండే అతని బరువు గురించి అప్పట్లో పత్రికల్లో చాలా చర్చ నడిచింది. 2004 నుంచి అంతర్జాతీయ స్కీ సమాఖ్య, ఎత్తుకు తగ్గ బరువు లేనివాళ్లు పొట్టి స్కీలే వాడాలని నిబంధన పెట్టింది. స్కీ పొట్టిదైతే గాలి తక్కువ మోస్తుంది, కాబట్టి కడుపు మాడ్చుకున్నందుకు లాభం ఉండదు. మనుషుల్ని బుద్ధిగా తినమని బతిమాలే కంటే, తినకపోతే నష్టం వచ్చేలా నియమం మార్చడం నాకు బాగా నచ్చింది. (టిఫిన్ చేయకుండా బస్సెక్కే పిల్లల గురించి పోయిన నెల రాశాను. ప్రార్థనలో కళ్లు తిరిగి కూర్చున్నవాళ్లు ఈ నెల కూడా ఉన్నారు.)

2003-04 సీజన్‌ని అతను మధ్యలోనే ఆపేశాడు. ఆ 2004లోనే తనది బర్నవుట్ అని, అంటే మితిమీరిన ఒత్తిడితో మనసూ ఒళ్లూ పూర్తిగా అలిసిపోయిన స్థితి అని, చికిత్స తీసుకుంటున్నానని బయటపెట్టాడు. కోలుకున్నాడు కానీ మళ్లీ ఆ ర్యాంపు ఎక్కలేదు. 2005 ఆగస్టులో, ఇంకా 31 నిండకుండానే, ఆట వదిలేస్తున్నట్టు ప్రకటించాడు. ఆ తర్వాత కొన్నేళ్లు కార్ల రేసుల్లో పాల్గొన్నాడు, తన అనుభవం మీద పుస్తకం రాశాడు. ఇప్పుడు జర్మన్ టీవీలో ఇదే ఆటకు విశ్లేషకుడు. బర్నవుట్ గురించి బహిరంగంగా మాట్లాడుతుంటాడు. అప్పటికి ఒక చాంపియన్ నోటి నుంచి ఆ మాట రావడం అక్కడా చాలా అరుదు.

"పరుగెత్తి పాలు తాగేకంటే నిలబడి నీళ్లు తాగడం మేలు" అని చెప్పడానికి ఇదంతా రాస్తున్నానని కొందరు అనుకోవచ్చు. నేను ఆ సామెత మనిషిని కాను. పరుగెత్తమనే చెబుతాను, హన్నవాల్ట్ పరుగెత్తాడు కాబట్టే ఆ నాలుగు కొండలు. నన్ను పట్టి కుదిపింది వేరే. వెనకబడిన పిల్లవాడిని మనం వెంటనే గుర్తుపడతాం. మార్కులు తగ్గుతాయి, డైరీలో ఎర్ర సిరా పడుతుంది, మీకు ఫోన్ వస్తుంది. ముందున్న పిల్లవాడు అలసిపోతే మనకు తెలిసే దారే లేదు, ఎందుకంటే మనం చూసేది ర్యాంకు ఒక్కటే, ర్యాంకు బాగానే ఉంది. రిపోర్టులన్నీ నార్మల్.

ఇది నాకు అనుభవంలో ఉన్న సంగతి. చాలా ఏళ్ల క్రితం, వేరే ఊళ్లో పనిచేస్తున్నప్పుడు, నా క్లాసులో ఎప్పుడూ ఫస్ట్ వచ్చే పాప ఒకతె ఉండేది. తలనొప్పి అని వారానికి రెండుసార్లు స్టాఫ్ రూంకి వచ్చేది. మాత్ర ఇచ్చి, కాసిని నీళ్లు తాగించి, మళ్లీ క్లాసుకు పంపేవాణ్ణి. ఇంటికి ఒక్కసారి కూడా కబురు చేయలేదు, మార్కులు తగ్గలేదు కదా అని. ఫిబ్రవరిలో ఒక గ్రాండ్ టెస్ట్ మధ్యలో పెన్ను కింద పెట్టేసింది. ఏడవలేదు, మాట్లాడలేదు, పేపరు వైపు అలా చూస్తూ కూర్చుంది. నాన్నగారు వచ్చి తీసుకెళ్లారు. వెళ్తూ, "మీకు తెలీదా సార్, ఇంట్లో రెండింటి దాకా చదువుతోంది" అన్నారాయన. నిజంగానే తెలీదు. ఆయనకు ఆ తలనొప్పి సంగతి తెలీదు. ఇద్దరి దగ్గరా సగం సగం ఉంది, ఎవరమూ కలిపి చూడలేదు. ఆ పాప తర్వాత బాగానే చదువుకుంది, ఇప్పుడు తనకీ పిల్లలు. అయినా ప్రీ-ఫైనల్స్ వస్తున్నాయంటే నాకు ఆ పెన్ను కింద పెట్టిన చప్పుడే గుర్తొస్తుంది.

అందుకని ఈ జనవరి నుంచి కొన్ని మార్పులు చేస్తున్నాం. పదో తరగతి సాయంత్రం స్టడీ అవర్ ఎనిమిదికి బదులు ఆరున్నరకే ముగుస్తుంది. పరీక్షలు అయ్యేదాకా ఆదివారం క్లాసులు ఉండవు, గేటు తీయం. స్లిప్ టెస్టుల ర్యాంకుల చార్టు నోటీసు బోర్డు మీంచి తీసేశాం, ఎవరి మార్కులు వాళ్ల డైరీలోనే ఉంటాయి. తలనొప్పి అనో, నీరసం అనో వారంలో రెండుసార్లు స్టాఫ్ రూంకి వచ్చిన ఏ పిల్లవాడి ఇంటికైనా, వాడి ర్యాంకు ఎంతైనా సరే, అదే రోజు ఫోన్ వస్తుంది. సాయంత్రం గంటన్నర తగ్గిందని కొందరికి టెన్షన్ ఉంటుందని తెలుసు. ఆ గంటన్నరలో పిల్లలు ఎంత చదువుతున్నారో నవంబరులో నేను వెనక బెంచీలో కూర్చుని రెండు వారాలు చూశాను. ఏడు దాటాక సగం మంది ఒకే పేజీ మీద ఉన్నారు.

సెలవులయ్యాక మొదటి శనివారం ఉదయం పది గంటలకు పదో తరగతి తల్లిదండ్రుల మీటింగ్. ప్రోగ్రెస్ కార్డు తీసుకురానక్కర్లేదు, అది మా దగ్గర ఉంది. దానికి బదులు ఒక చిన్న కాగితం తెండి. ఆ ముందు వారం రోజులు మీ అబ్బాయో అమ్మాయో రాత్రి ఎన్నింటికి పడుకున్నారు, పొద్దున ఎన్నింటికి లేచారు, ఏం తిని బయల్దేరారు. పిల్లల్ని అడిగి రాయొద్దు, మీరే చూసి రాయండి. మా క్లాస్ టీచర్లు కూడా తమ వైపు నుంచి ఒక కాగితం తెస్తారు. రెండూ పక్కపక్కన పెట్టి చూద్దాం.

ఇక ఆ సోఫా సంగతి. దూకేవాడిని మందలించకండి. కింద ఒక పరుపు వేయండి, ఎదురుగా నిలబడి దూరం కొలవండి. స్ప్రింగు విరిగితే మాత్రం బిల్లు స్కూలుకు పంపొద్దు.

అందరికీ సంక్రాంతి శుభాకాంక్షలు.

మీ
ప్రధానోపాధ్యాయుడు