శనివారం మ్యూజియం సందర్శన: అద్దాల వెనుక ఉన్న గతం

బృంద సభ్యులందరికీ నమస్కారం.

ఈ శనివారం ఉదయం 10:30 గంటలకు మనమందరం న్యూయార్క్‌లోని అమెరికన్ మ్యూజియం ఆఫ్ నేచురల్ హిస్టరీ ముందు, సెంట్రల్ పార్క్ వైపు మెట్ల దగ్గర కలుసుకుందాము.

ముందుగా 1936లో తెరిచిన ఏక్లీ ఆఫ్రికా క్షీరదాల హాలుకు వెళ్తాము. అక్కడి 28 డయోరమాలలో (అద్దాల వెనుక నిజమైనట్టు అమర్చిన దృశ్యాలలో) గొరిల్లాల డయోరమా ముందు ఎక్కువసేపు ఆగాలని నా కోరిక. ఆ హాలుకు పేరునిచ్చిన, చనిపోయిన జంతువులను సజీవంగా కనిపించేలా మలిచే నిపుణుడు కార్ల్ ఏక్లీ 1921లో బెల్జియన్ కాంగో కొండలలో గొరిల్లాలను వేటాడి తెచ్చారు. ఆ తరువాత వాటి రక్షణ కోసం ఆయనే పట్టుబట్టగా 1925లో ఆల్బర్ట్ జాతీయ వనం ఏర్పడింది. మరుసటి సంవత్సరం ఆయన ఆ కొండలలోనే కన్నుమూశారు. చంపిన చేయే కాపాడమని వేడుకోవడం నన్ను ఎంతో కలవరపెడుతుంది. అదే 1921లో, హెన్రీ ఫెయిర్‌ఫీల్డ్ ఆస్‌బోర్న్ మ్యూజియం అధ్యక్షుడిగా ఉండగా, మనుషులలో మేలుజాతిని పెంచాలనే యూజెనిక్స్ మహాసభకు ఈ మ్యూజియమే ఆతిథ్యమిచ్చింది.

తరువాత, డచ్ పాలకుడు స్టైవెసాంట్ ఎదుట ఈ ప్రాంతపు ఆదివాసులైన లెనాపే ప్రజలను చూపే 1939 నాటి డయోరమా దగ్గరకు వెళ్దాము. అందులోని తప్పులను 2018లో అద్దం మీదే రాసి పెట్టారు. దృశ్యాన్ని తీసివేయకుండా తప్పును బహిరంగంగా ఒప్పుకున్న ఆ పద్ధతి సరైనదని నా అభిప్రాయం. దయచేసి ఆ వాక్యాలన్నీ చదవండి.

వచ్చేవారు గురువారం రాత్రిలోగా తమ పేరును, వెంట వచ్చే పిల్లల సంఖ్యను ఇక్కడ తెలపండి. న్యూజెర్సీ వాసులు టికెట్ కౌంటర్ వద్ద తమకు తోచినంత చెల్లించవచ్చు కనుక, చిరునామా ఉన్న గుర్తింపు కార్డును మరచిపోకండి.